పాకం మోగిందా అబ్బాయ్?

మా ఇంట్లో జీడిపప్పుకు పాకం పట్టే రోజున, మధ్యాహ్నం భోజనాలయ్యాక పెరటి వంటపాకలో ఎవరూ నోరు మెదపకూడదని ఒక నియమం ఉండేది. వీధి అరుగు మీద పడక్కుర్చీలో వాలి ఉన్న తాతయ్య తనంతట తానే రేడియో కట్టేసేవారు. మజ్జిగ తోడుకో, అగ్గిపెట్టెకో వచ్చిన పొరుగింటివారు పొయ్యి మీద మూకుడు చూసి, సంగతి గ్రహించి, గుమ్మం బయటే నిలబడిపోయేవారు. పొయ్యి ముందు పీట వేసుకుని మా మామ్మ, ఆమెకు ఎడమ పక్కన గొంతుక్కూర్చుని నేను. నా ముందు ఒక సత్తు గిన్నెలో బావి నీళ్ళు, దాని పక్కన ఇత్తడి పళ్ళెం. మామ్మ గరిటె కొస నుంచి ఒక్క బొట్టు పాకం ఆ నీళ్ళలో వదిలితే, నేను దాన్ని వేళ్ళతో పైకి తీసి, పళ్ళెం మీద జారవిడిచి, చెవి ఒగ్గేవాణ్ణి.

"మోగిందా అబ్బాయ్?"

"లేదు మామ్మా, ఇంకా మెత్తగానే ఉంది."

"అయితే ఇంకో రెండు పొంగులు రానీ."

ఇది 1970ల చివరి మాట. రాజోలు దాటి సఖినేటిపల్లి వైపు వెళ్ళే దారిలో, వశిష్ఠ గోదావరికీ సముద్రానికీ మధ్యన ఉన్న ఊరు మాది. మా జిల్లాల మిఠాయిలంటే లోకానికి ఆత్రేయపురం పూతరేకులు, తాపేశ్వరం కాజా గుర్తొస్తాయి. పూతరేకులకు 2023లో భౌగోళిక గుర్తింపు కూడా దక్కింది. మా ఇంటి మిఠాయికి మాత్రం ఏ ఊరి పేరూ లేదు. ఉత్త "పాకం జీడిపప్పు" అనేవాళ్ళం. వేయించిన పప్పును ముదురు బెల్లం పాకంలో దొర్లించి, దేనికది విడిపోయేలా ఆరబెట్టడమే దాని తయారీ. అదే పప్పునూ పాకాన్నీ పళ్ళెంలో పరిచి ముక్కలు కోస్తే అచ్చు, వేడి మీద చేత్తో చుడితే ఉండ అవుతాయి. ఆ రెండూ చేయడం తేలికని మామ్మ అభిప్రాయం. అచ్చులో పాకం పాళ్ళు ఎక్కువ కనుక తప్పు దాగుతుందనీ, విడిపప్పు మీద పూత గాజుపొరలా పలచగా ఉంటుంది కనుక చేసినవాళ్ళ పనితనం మొత్తం బయటపడుతుందనీ ఆమె అనేది. ఇన్నేళ్ళ తరవాత, రెండు విధాలుగానూ చేసి చూసినవాడిగా, ఆ మాటతో నేను పూర్తిగా ఏకీభవిస్తాను.

పప్పుకు మాకు కొదవ ఉండేది కాదు. సఖినేటిపల్లి మండలంలోని మోరి జీడిపప్పుకు పెట్టింది పేరు. ఆ ఊళ్ళో ఇంటింటా గింజ కాల్చడం, కొట్టడం, పొర తీయడం, ఏరడం కుటీర పరిశ్రమగా సాగేది. మా ఇసుక మెరకలో కూడా రెండు జీడిమామిడి చెట్లుండేవి. మార్చి నెలాఖరు నుంచి పండ్లు రాలడం మొదలయ్యేది. ఎర్రటి, పసుపుపచ్చటి పండ్ల కింద వేలాడే గింజల్ని మెలితిప్పి గంపలోకి చేర్చడం సెలవుల్లో పిల్లల పని. పండు తింటే గొంతు పట్టేస్తుందని తెలిసీ తినడం మా సొంత పని.

ఈ చెట్టు మన నేల మీద పుట్టింది కాదు. 16వ శతాబ్దంలో పోర్చుగీసువారు బ్రెజిల్ నుంచి పశ్చిమ తీరానికి తెస్తే, అక్కడి నుంచి ఇసుక నేలలు వెతుక్కుంటూ మన తీరానికి చేరింది. అయితే దానికి మనవాళ్ళు పెట్టిన పేరును మాత్రం నేను ఎంత మెచ్చుకున్నా తనివి తీరదు. చాకలివారు బట్టల మీద గుర్తు పెట్టడానికి వాడే నల్లజీడి మన అడవుల్లో ముందు నుంచీ ఉంది. ఈ కొత్త చెట్టు గింజలోనూ అలాగే చర్మాన్ని కాల్చే రసం ఉందని చూశారు, ఆకూ వాలకమూ మామిడిని తలపిస్తోందని చూశారు, రెండూ కలిపి జీడిమామిడి అన్నారు. నల్లజీడి, మామిడి, జీడిమామిడి మూడూ ఒకే కుటుంబానికి చెందినవని వృక్షశాస్త్రం కూడా చెబుతుంది.

ఆ రసం ఎలా కాలుస్తుందో నాకు ఏడో ఏటనే తెలిసింది. పచ్చిగింజను పళ్ళతో కొరికితే పప్పు వస్తుందని మా చిన్నాన్న కొడుకుతో పందెం వేశాను. పప్పు రాలేదు కానీ, మర్నాటికి పెదవులు రెండూ పొక్కి, వారం రోజులు గంజి తాగి గడిపాను. మామ్మ కొబ్బరినూనె రాస్తూ, నన్ను తిట్టకుండా, పందెం గెలిచిన చిన్నాన్న కొడుకును తిట్టింది.

గింజలు కాల్చే పని పెరటి చివర, ఇంటికి దూరంగా, గాలి వాలు చూసుకుని జరిగేది. అడుగున చిల్లులున్న పాత ఇనుప మూకుడులో గింజలు పోసి కింద కొబ్బరి మట్టల మంట పెడితే, కాసేపటికి పెంకులోంచి నూనె చిమ్మి, ఆ నూనెకు నిప్పంటుకుని, మూకుడంతా చిటపటమంటూ నల్లటి పొగతో మండిపోయేది. అదను చూసి మూకుడును ఇసుకలోకి తిరగదోసి, పైన మరికాస్త ఇసుక చల్లి మంట ఆర్పేవారు. పనికి వచ్చే ఆడవాళ్ళు చేతులకు బూడిద పూసుకుని, ఒక్కో గింజనూ రాయి మీద నిలబెట్టి చిన్న కర్రతో ఒక్కటే దెబ్బ వేసేవారు. దెబ్బ సరిగ్గా పడితే గుండు పప్పు, కాస్త అటూ ఇటూ అయితే బద్ద, ఇంకా తప్పితే ముక్క. ధరంతా ఆ దెబ్బలో ఉంది. ఇవాళ ఎగుమతి సరుకు మీద 180, 240, 320 అని అంకెలు వేస్తారు. పౌనుకు ఎన్ని గుండ్లు తూగుతాయో ఆ అంకె చెబుతుంది కనుక, అంకె చిన్నదైతే పప్పు పెద్దదన్నమాట. మా ఇంట్లో గుండ్లు అమ్మకానికి వెళ్ళేవి, బద్దలు పాకానికి మిగిలేవి. నిజానికి పాకానికి బద్దే మేలు; దాని చదును వైపు పూత బాగా పట్టుకుంటుంది. ఉన్నదాన్ని సమర్థించుకోవడానికి మామ్మ ఈ మాట చెబుతోందని చాలాకాలం అనుకున్నాను, కాదని చేసి చూశాకే తెలిసింది.

బెల్లం నరసాపురం నుంచి పంటు మీద గోదావరి దాటి వచ్చేది. మామ్మ బెల్లం దిమ్మ రంగు చూసేది కాదు. గోటితో చిన్న పలుకు గిల్లి నాలుక మీద వేసుకుని, ఉప్పదనం తగిలితే పక్కన పెట్టేసేది. ఉప్పు నేలలో పండిన చెరకు బెల్లం గాలిలోని చెమ్మను తొందరగా లాగేస్తుంది, దానితో పట్టిన పాకం రెండో రోజుకే చెమరుస్తుంది. తవ్వెడు బద్దలకు సోలెడు బెల్లం కోరు ఆమె కొలత. తూకంలో చెప్పాలంటే అరకిలో పప్పుకు పావుకిలో పైన కాస్త బెల్లం. కోరులో గరిటెడు నీళ్ళు పోసి కరిగించి, గుడ్డలో వడగట్టి, గుడ్డలో మిగిలిన ఇసుకనూ పిప్పినీ చూపించి, "చూశావా, ఇదంతా నీ పొట్టలోకి వెళ్ళేదే" అని ప్రతిసారీ అనేది. ఈలోగా రెండో పొయ్యి మీద పప్పు నేతిలో దోరగా వేగుతూ ఉండేది. పప్పు వేడిగా ఉండాలి. చల్లటి పప్పు వేస్తే పాకం దాని మీద పాకకముందే గడ్డకడుతుంది.

తరవాత అసలు పని. పాకం పొంగి, నురగ పెద్ద పెద్ద బుడగలై, ఆ బుడగలు చిన్నవై చిక్కబడతాయి. వేళ్ళ మధ్య తీగ సాగితే తీగపాకం, అది కాజాలకు. నీళ్ళలో వేస్తే మెత్తటి ఉండ కడితే ఉండపాకం, అది అరిసెలకు. ఆ తరవాత కొంతసేపు పాకం జీళ్ళకు పనికొచ్చే అవస్థలో, పంటికి అతుక్కునేలా ఉంటుంది. కథలు సాగదీసేవాళ్ళను జీళ్ళపాకం అని ఎందుకంటారో ఆ దశలో పాకాన్ని వేళ్ళతో పట్టుకున్నవాడికి ఎవరూ వివరించనక్కరలేదు. మాకు కావలసిన ముదురు పాకం వీటన్నిటి ఆవల ఉంది. దానికీ మాడిపోవడానికీ మధ్య ఉండే వ్యవధి, కొబ్బరి డొక్కల పొయ్యి మీద, నిమిషం కూడా ఉండదు. అందుకే ఉండపాకం దాటగానే మామ్మ మండుతున్న డొక్కలను పొయ్యిలోంచి వెనక్కి లాగేసి, మిగిలిన నిప్పుల సెగ మీదనే పాకాన్ని ముందుకు నడిపించేది. డొక్క మంట చప్పున లేస్తుంది, చప్పున ఆరుతుంది. గ్యాసు పొయ్యి మీద సన్నటి మంటకు కూడా అంత విధేయత లేదు.

నా పని ఇక్కడే. ముదరని బొట్టు పళ్ళెం మీద పడితే చప్పుడే ఉండదు, తడిమట్టి పడ్డట్టు ఉంటుంది. ఇంకొంచెం ముదిరితే "టక్" మంటుంది, చెక్క మీద చింతగింజ పడ్డట్టు. సరైన పాకం బొట్టు మాత్రం నీళ్ళలో ఉండగానే చిన్నగా చిట్లి, పైకి తీస్తే తేనెరంగు గాజుపూసలా గట్టిగా ఉండి, పళ్ళెం మీద పడగానే "టింగు" మని సన్నగా, పదునుగా మోగుతుంది. పిట్ట ముక్కుతో గాజు మీద పొడిచినట్టుండే ఆ చప్పుడు విన్న క్షణంలో నేను "మోగింది మామ్మా!" అని అరవాలి, ఆమె మూకుడు దించాలి, చిటికెడు తినే సోడా, నాలుగు యాలకుల పొడి, గరిటెడు నెయ్యి, వెంటనే పప్పు. సోడా తగలగానే పాకం లేతరంగుకు తిరిగి గుల్లబారి ఉబుకుతుంది. కొరికినప్పుడు పూత పంటిని ఎదిరించకుండా పెళుసుగా విరిగేది దానివల్లనే. నాలుగు తిప్పులు తిప్పి, నెయ్యి రాసిన అరిటాకు మీద గుమ్మరించి, ఇంట్లో ఉన్న చేతులన్నీ నేతిలో ముంచుకుని పప్పును విడదీయడానికి కూర్చునేవాళ్ళం. అప్పటిదాకా బిగపట్టిన మాటలన్నీ అప్పుడు ఒక్కసారిగా బయటికొచ్చేవి. వేళ్ళు కాలేవి, అయినా ఆగడానికి వీల్లేదు. రెండు నిమిషాలు దాటితే ఆకు మీద మిగిలేది అచ్చే.

ఒక ఏడు, సంక్రాంతి ముందు రోజుల్లో, కాలవగట్టున నా కోసం గోళీలాట ఆగి ఉంది. పాకం ఎంతకీ ముదరడం లేదు. నాలుగో బొట్టు "టక్" మంది. నాకు తెలుసు, అది టింగు కాదని. అయినా "మోగింది" అనేశాను. మామ్మ మారుమాట లేకుండా మూకుడు దించింది. ఆ సాయంత్రానికి పప్పంతా ఒక ముద్దయింది. మర్నాడు తాతయ్య కట్టుడు పళ్ళ కింది వరస పాకంతో పాటు ఊడి చేతిలోకి వచ్చింది. నేను వణుకుతూ నిలబడితే, మామ్మ నా వైపు చూడనైనా చూడకుండా, బెల్లంలో ఏదో కల్తీ ఉందని కొట్టువాణ్ణి ఆ వారమంతా తిట్టింది. పాపం, ఆ కొట్టాయన రెండు వీశెల బెల్లం ఊరికే పంపించాడు. తప్పు నాదని నేను ఎవరికీ చెప్పలేదు.

మామ్మ పోయిన చాలా ఏళ్ళకు, ఒక పెళ్ళిలో పంక్తిలో పక్కపక్కన కూర్చున్నప్పుడు, మా మేనత్త దగ్గర ఈ పాకం ముచ్చట తెచ్చాను. ఇంతమంది మనవల్లో మామ్మ నన్నే ఆ పనికి ఎంచుకుందని కొంత గొప్పగానే చెప్పానేమో. అత్త విస్తట్లో చెయ్యి అలాగే ఉంచి నవ్వింది.

"నిన్నేం ఎంచుకోలేదురా. అమ్మకి చెవులు అప్పటికే మందగించాయి. మాటలు పట్టుకునేది, సన్నటి చప్పుళ్ళు మాత్రం వినిపించేవి కాదు. గోడ గడియారం ఆగిపోయినా తెలిసేది కాదు ఆవిడకి. నీకు ముందు నేను వినేదాన్ని, నాకు పెళ్ళయి వెళ్ళిపోయాక నువ్వు దొరికావు. ఎవరికీ చెప్పద్దని నా చేత ఒట్టేయించుకుంది."

వయసు మీద పడేకొద్దీ చెవి మొదట పోగొట్టుకునేది ఆ సన్నటి, హెచ్చు స్థాయి చప్పుళ్ళనేనని డాక్టర్లు చెబుతారు. మనిషి మాట వినపడుతూనే ఉంటుంది కనుక ఇంట్లోవాళ్ళకు అనుమానం రాదు. తాతయ్య రేడియో కట్టేసింది నాకోసమన్నమాట. మామ్మ "మోగిందా అబ్బాయ్" అని అడిగిన ప్రతిసారీ అది పిల్లవాడికి పరీక్ష అనుకున్నాను కానీ, జవాబు ఆమెకు నిజంగానే తెలియదని నాకు తట్టలేదు. కొట్టాయన బెల్లం సంగతి అప్పుడు మళ్ళీ గుర్తొచ్చింది. టక్కుకూ టింగుకూ తేడా వినలేనిదానికి, పాకం చెడింది నా వల్లనో బెల్లం వల్లనో ఎలా తెలుస్తుంది? లేక ముదరని పాకాన్ని గరిటె జారుడులోనే కనిపెట్టి కూడా, నా మాట మీద మూకుడు దించేసిందా? నలభై ఏళ్ళు వంట చేసిన చెయ్యి అది. ఆ రెండోదే నిజమని నా అనుమానం. అత్తను అడిగితే, "ఎవరికి తెలుసురా, పప్పు వడ్డించుకో" అంది.

1996 నవంబరు 6 నాటి తుపాను కోనసీమ కొబ్బరి తోటల్ని నేలమట్టం చేసినప్పుడు మా మెరకలోని జీడిమామిడి చెట్లు రెండూ కూలిపోయాయి. అప్పటికి నేను హైదరాబాదులో ఉద్యోగంలో ఉన్నాను. అపార్టుమెంటు వంటగదిలో పాకం పట్టాలన్న కోరిక మాత్రం చాలా ఆలస్యంగా, మా అమ్మాయి పుట్టాక కలిగింది.

మొదటిసారి బెల్లం ఎందుకని పంచదారతో పట్టాను. పప్పు వేసి, మామ్మ తిప్పినట్టే గట్టిగా తిప్పాను. చూస్తుండగానే పూత తెల్లబడి, పొడిపొడిగా రేణువులు కట్టి, పప్పులన్నీ పంచదార చిలకలకు చుట్టాల్లా తయారయ్యాయి. ముదిరిన పంచదార పాకాన్ని కదిపితే అది మళ్ళీ పంచదారగా మారడానికే చూస్తుంది. నాలుగు చుక్కల నిమ్మరసం పడితే ఆ చక్కెరలో కొంత గ్లూకోజు, ఫ్రక్టోజులుగా విడిపోయి రేణువు కట్టకుండా అడ్డుపడుతుంది. బెల్లంలో అవి ముందే ఉంటాయి కనుకనే మామ్మకు నిమ్మకాయతో పని పడలేదు. అదే గుణం ఇంకోవైపు దెబ్బ కొడుతుంది, ఆ విడిపోయిన చక్కెరలకు చెమ్మ అంటే మహా ప్రీతి. మామ్మ జూన్ నుంచి కార్తీకం దాకా పాకం జీడిపప్పు ఊసెత్తేది కాదు. మిగిలిన కాలంలో చేసినవి కూడా చల్లారిన మరుక్షణం హార్లిక్స్ సీసాలకు ఎత్తి, మూత కింద గుడ్డ బిగించేది.

రెండోసారి బెల్లమే కొన్నాను, పసుపుపచ్చగా మెరిసిపోతున్న దిమ్మ. రంగు చూసి మోసపోయాను. అంత లేతరంగు రావడానికి హైడ్రోస్ అనే గంధకపు రసాయనం కలుపుతారని తరవాత తెలిసింది. పాకం ముక్కు బద్దలయ్యేలా గంధకం వాసన వేసింది. మూడోసారి అనకాపల్లి నుంచి వచ్చిన నల్లటి బెల్లం, ఊరి నుంచి తెప్పించిన మోరి బద్దలు. ఈసారి మా అమ్మాయి పాకం వేడి చూసే థర్మామీటరు తెచ్చి మూకుడు అంచుకు తగిలించింది. పంచదారకైతే 146 నుంచి 154 డిగ్రీల సెల్సియస్ మధ్య ముదురు పాకమని దాని కాగితం మీద రాసి ఉంది. బెల్లంతో ఆ పై అంకె దాకా వెళ్ళడానికి నాకు ధైర్యం చాలలేదు, మాడితే చేదు పోదు.

"నూట నలభై ఆరు వచ్చింది నాన్నా, దించేద్దామా?"

"ఉండు. టీవీ కట్టెయ్యి."

గిన్నెలో నీళ్ళు, పక్కన స్టీలు పళ్ళెం. బొట్టు తీసి విడిచాను. నాకు టక్కుమన్నట్టే వినిపించింది. ఇంకో బొట్టు విడిచాను. అదీ అంతే.

"మోగింది కదా నాన్నా!" అంది అమ్మాయి. "రెండుసార్లూ మోగింది!"

మూకుడు దించాను. సోడా, యాలకుల పొడి, నెయ్యి, పప్పు. అరిటాకు లేదు కనుక నెయ్యి రాసిన వంటగట్టు మీదనే గుమ్మరించి, ముగ్గురం వేళ్ళు కాల్చుకుంటూ విడదీశాం. అన్నీ విడిపోయాయి. రాయి చల్లదనానికి పూత మామ్మ చేసినదాని కంటే ఒక పాలు ఎక్కువే మెరిసింది.

అంటుకున్న మూకుడును మా ఆవిడ సింకులో వేయబోతుంటే ఆపాను. మామ్మ ఆ మూకుడులోనే రెండు గ్లాసుల నీళ్ళు పోసి, చిటికెడు శొంఠి వేసి మరగనిచ్చేది. అంచుకు పట్టిన పాకం, అడుగున మిగిలిన పప్పు నలుసులు కరిగి వచ్చిన ఆ తేనీటి రంగు నీళ్ళు, బొట్లు ఏరినవాడికి కూలి. అలాగే మరిగించి గ్లాసులో పోశాను. మా అమ్మాయి ఊదుకుంటూ ఒక గుక్క తాగి, దీన్నేమంటారు నాన్నా అని అడిగింది. పేరేమీ లేదన్నాను. గ్లాసు నా చేతికి తిరిగి ఇవ్వలేదు.